ద్వారం దగ్గర ఆరుగురు

సాహిత్య చరిత్ర అంటే రచయితల చరిత్ర అనే అభిప్రాయం మనలో గట్టిగా నాటుకుపోయింది. ఏ కవి ఎప్పుడు పుట్టాడు, ఏ గ్రంథం ఎప్పుడు వెలువడింది, ఏ వాదం వచ్చి ఏ వాదాన్ని పక్కకు నెట్టింది అనే మూడు ప్రశ్నలకు సమాధానం దొరికితే చరిత్ర పూర్తయినట్టే భావిస్తాం. పాఠకుడికి అందులో చోటు లేదు. కొనేవాడూ, చదివేవాడూ, మెచ్చేవాడూ, విసుక్కునేవాడూ అయిన ఈ మనిషికి సాహిత్య నిర్మాణంలో పాలు ఉన్నదని మన విమర్శకులు సాధారణంగా ఒప్పుకోరు.

ఈ అభిప్రాయం సరికాదనడానికి అమెరికా సైన్సు ఫిక్షన్ చరిత్ర మంచి తార్కాణం. అక్కడ పాఠకులు ముందు సంఘటితులైనారు. ఆ పాఠక సంఘాల నుంచే రచయితలూ, సంపాదకులూ, ప్రచురణకర్తలూ బయలుదేరారు. అంతేకాదు. సాహిత్యానికి సామాజిక బాధ్యత ఉన్నదా లేదా, రచయిత శ్రమకు కూలి ముట్టాలా అక్కర్లేదా, సంఘంలోకి ఎవరిని రానివ్వాలి, ఎవరిని రానివ్వకూడదు అనే ప్రశ్నలు అక్కడ ఇరవై ఏళ్ళు నిండని కుర్రాళ్ళ మధ్య తలెత్తాయి. ఇవి మన అభ్యుదయ సంఘాలు నిత్యం ఎదుర్కొనే ప్రశ్నలే. కనక ఈ చరిత్ర మనకు పరాయిది కాదు.

ముందుగా ఒక మాట సంగతి తేల్చుకోవాలి. ఈ పాఠకులను ఇంగ్లీషులో 'ఫ్యాన్స్' అంటారు. మనం అభిమానులు అనాలి. కాని తెలుగులో అభిమాన సంఘం అనగానే సినిమా హాలు ముందు నటుడి కటౌటూ, దానికి పాలాభిషేకమూ కళ్ళకు కడతాయి. ఈ అభిమానులు ఆ కోవకు చెందినవారు కారు. తాము చదివిన కథను ఉతికి ఆరేసేవారు. సంపాదకుడితో తగాదా పడేవారు. తమ డబ్బుతో తామే పత్రిక నడుపుకునేవారు. మన పల్లెల్లో, కాలేజీల్లో వెలసిన లిఖిత పత్రికల వాళ్ళతో వీరిని పోల్చవచ్చు.

వీరి కథ చెప్పిన పుస్తకాలలో నాలుగింటిని నేను చదివాను. సామ్ మోస్కోవిట్జ్ చరిత్ర 1954లో పుస్తకంగా వచ్చింది. డామన్ నైట్ రాసినది 1977లోనూ, ఫ్రెడరిక్ పోల్ ఆత్మకథ 1978లోనూ, ఐజాక్ అసిమోవ్ ఆత్మకథ మొదటి భాగం 1979లోనూ వచ్చాయి. నలుగురూ ఏదో ఒక పేజీలో న్యూయార్కులోని ఒకే హాలు వాకిలి దగ్గరికి వస్తారు. మోస్కోవిట్జ్ ఆ తలుపు మూసినవాడు. పోల్ బయట నిలబడిపోయినవాడు. అసిమోవ్ లోపలికి వెళ్ళి కూర్చున్నవాడు. నైట్ తర్వాత వచ్చి అందరినీ అడిగి రాసుకున్నవాడు. నాలుగూ చదివాక ఎవరు ఒప్పు అన్న ప్రశ్న నాకు అంత ముఖ్యంగా తోచలేదు. ఆ తలుపు దగ్గరికి వాళ్ళు ఎలా వచ్చారు, తర్వాత ఎటు పోయారు అన్నదే ముఖ్యమనిపించింది.

హ్యూగో గెర్న్స్‌బాక్ అనే వ్యాపారి 1926 ఏప్రిల్‌లో 'అమేజింగ్ స్టోరీస్' అనే మాసపత్రిక ప్రారంభించాడు. కేవలం సైన్సు కథల కోసమే వెలువడిన మొదటి ఇంగ్లీషు పత్రిక అది. వెల 25 సెంట్లు. గెర్న్స్‌బాక్ పాఠకుల ఉత్తరాలు అచ్చువేస్తూ, వాటి కింద పూర్తి చిరునామాలు కూడా అచ్చువేశాడు. దాంతో ఒక ఊరి పాఠకుడు మరో ఊరి పాఠకుడికి నేరుగా ఉత్తరం రాయగలిగాడు. వ్యాపారి తన సరుకు అమ్ముకోవడానికి చేసిన పని వినియోగదారులను ఒకరికొకరిని పరిచయం చేసింది. ఫ్యాక్టరీ యజమాని కార్మికులను ఒకే కప్పు కిందికి చేర్చినట్టే ఇదీనూ. చేర్చడం వరకే అతని చేతిలో ఉంటుంది. చేరినవాళ్ళు ఏం మాట్లాడుకుంటారన్నది అతని చేతిలో ఉండదు.

1929 డిసెంబరులో న్యూయార్కులో 'సైన్సీర్స్' అనే చిన్న సంఘం పుట్టింది. దాని మొదటి అధ్యక్షుడు వారెన్ ఫిట్జెరాల్డ్ అనే నీగ్రో యువకుడు. తొలి సమావేశాలు హార్లెంలో అతని ఇంట్లోనే జరిగాయి. ఈ రంగం తెల్లవాళ్ళ సొత్తు అనుకునేవారు ఈ సంగతి గుర్తుంచుకోవాలి. 1930 మే నెలలో 'ది కామెట్' అనే అభిమాన పత్రిక వెలువడింది. ఆ తర్వాత సైక్లోస్టైలు మిషను దొరికిన ప్రతివాడూ పత్రికాధిపతి అయినాడు.

వీరంతా ఎవరు? ఆర్థిక మాంద్యం కాలపు కుర్రాళ్ళు. చాలామంది బ్రూక్లిన్ వంటి పేటల్లోని యూదు వలస కుటుంబాల పిల్లలు. అసిమోవ్ రష్యాలో పుట్టి, తండ్రి మిఠాయి దుకాణంలో పనిచేస్తూ పెరిగాడు. దుకాణంలో పత్రికలు అమ్మేవారు గాని వాటిని ముట్టుకోనిచ్చేవాడు కాదు తండ్రి. 1929లో ఒక పత్రిక పేరులో 'సైన్సు' అన్న మాట చూపించి కొడుకు అనుమతి సంపాదించాడు. చదువు మీద ఆశ, ఉద్యోగం మీద నిరాశ, యంత్రం మీద నమ్మకం, యంత్రం ఎవరి చేతిలో ఉన్నదన్న అనుమానం: ఈ నాలుగూ కలిసిన మనస్తత్వం వీరిది. ఇది పలాయనవాదుల మనస్తత్వం అనడం తొందరపాటు.

మొదటి తగాదా డబ్బు దగ్గర వచ్చింది. ఇది నాకు ఎంతో అర్థవంతంగా తోస్తుంది. డోనాల్డ్ వోల్‌హైమ్ అనే 19 ఏళ్ళ యువకుడి కథ గెర్న్స్‌బాక్ నడిపే 'వండర్ స్టోరీస్'లో 1934 జనవరిలో పడింది. డబ్బు రాలేదు. విచారిస్తే, మరికొందరికి కూడా రాలేదని తేలింది. అతడు ఊరుకోక, ఆ సంగతి అభిమాన పత్రికలో బయటపెట్టాడు. తోటివారిని కూడగట్టాడు. చివరికి గెర్న్స్‌బాక్ కోర్టు బయట 75 డాలర్లకు రాజీపడ్డాడు. అదే 1934లో అతను 'సైన్సు ఫిక్షన్ లీగు' అనే పేరుతో పాఠకుల సంఘాన్ని తన పత్రికకు అనుబంధంగా పెట్టాడు. మరుసటి సంవత్సరం ఆ లీగు నుంచి ముగ్గురిని బహిష్కరించారు. వారు వోల్‌హైమ్, జాన్ మిషెల్, విలియం సైకోరా. యజమాని పెట్టిన సంఘం యజమాని సంఘమే అవుతుందని వీరు చిన్న వయసులోనే నేర్చుకున్నారు. ఈ ముగ్గురి పేర్లూ పాఠకులు గుర్తుంచుకోవాలి. నాలుగేళ్ళ తర్వాత వీరిలో ఒకడు తలుపుకు లోపలా, మిగిలిన ఇద్దరూ బయటా ఉంటారు.

1937 అక్టోబరులో ఫిలడెల్ఫియాలో జరిగిన సమావేశంలో మిషెల్ రాసిన ప్రసంగాన్ని వోల్‌హైమ్ చదివాడు. మిషెల్‌కు నత్తి. సైన్సు కథలు చదివి ఊహల్లో తేలడం చాలదు, ఫాసిజం ముంచుకొస్తున్నప్పుడు అభిమానులు ఒక పక్షం వహించాలి, సైన్సు ఫలితాలు అందరికీ అందే సమైక్య ప్రపంచం కోసం పనిచేయాలి అన్నది దాని సారాంశం. తీర్మానం 12కు 8 ఓట్లతో వీగిపోయింది. మొత్తం ఇరవై ఓట్లు! ఐనా ఆ వాదానికి 'మిషెలిజం' అని పేరు పడింది. ఏళ్ళ తరబడి దాని మీద కాగితాలు ఖర్చయినాయి.

మన దేశంలో లక్నోలో ప్రేమ్‌చంద్ అధ్యక్షతన అఖిల భారత అభ్యుదయ రచయితల మహాసభ జరిగింది 1936 ఏప్రిల్‌లో. తెనాలిలో మన సంఘం ప్రథమ మహాసభ 1943లో. ఫిలడెల్ఫియా కుర్రాళ్ళకు లక్నో సంగతి తెలిసి ఉండదు. కాని స్పెయిన్‌లో బాంబులు పడుతున్న ఆ కాలమే సముద్రానికి ఇరువైపులా ఒకే ప్రశ్న వేసింది. ఎవరినీ చూసి ఎవరూ అనుకరించకుండానే ఒకే సమాధానం రావడం ఆ సమాధానానికి బలం.

ఐతే మిషెలిజంలో లోపం లేకపోలేదు. మారుతున్న లోకానికి తగిన కథ ఎలా ఉండాలో అది చెప్పలేదు. పక్షం వహించమన్నది గాని, కలం పట్టిన చేతికి దారి చూపలేదు. తీర్మానం మీద మూడు గంటలు వాదించి, ఆ తీర్మానానికి తగిన ఒక్క కథ రాయమంటే నలుగురూ నేల చూపులు చూసే సమావేశాల్లో నేనూ కూర్చున్నాను. ఆ జబ్బు ఒక్క ఖండానికి పరిమితమైంది కాదు.

1938లో వోల్‌హైమ్, మిషెల్, పోల్, రాబర్ట్ లౌన్డెస్ మొదలైనవారు 'ఫ్యూచూరియన్' సంఘం పెట్టుకున్నారు. పోల్ అప్పటికి యంగ్ కమ్యూనిస్టు లీగు సభ్యుడు. మిషెల్ కూడా కమ్యూనిస్టే. అందరూ కారు. అసిమోవ్ ఈ సంఘంలో చేరాడు గాని రాజకీయాలకు కొంత ఎడంగానే ఉన్నాడు.

మరుసటి ఏడు న్యూయార్కులో 'రేపటి ప్రపంచం' పేరున పెద్ద ప్రదర్శన జరిగింది. ఆ సందర్భాన్ని పురస్కరించుకుని సైన్సు ఫిక్షన్ మొదటి ప్రపంచ మహాసభ 1939 జులై 2న మాన్‌హాటన్‌లోని కారవాన్ హాలులో ఏర్పాటైంది. నిర్వాహకులు మోస్కోవిట్జ్, సైకోరా, జేమ్స్ టౌరాసీ. దాదాపు రెండు వందల మంది వచ్చారు. నిర్వాహకులు నియంతల్లా ప్రవర్తించబోతున్నారని హెచ్చరించే పసుపుపచ్చ కరపత్రాలు హాలులో దొరికాయి. ఫ్యూచూరియన్లను ద్వారం దగ్గర ఆపి, గలాభా చేయబోమని మాట ఇవ్వమన్నారు. ఇవ్వమన్నారు కొందరు. వోల్‌హైమ్, మిషెల్, పోల్, లౌన్డెస్, సిరిల్ కార్న్‌బ్లుత్, జాక్ గిలెస్పీ, ఈ ఆరుగురూ బయట ఉండిపోయారు.

మోస్కోవిట్జ్‌కు అప్పటికి సరిగ్గా పందొమ్మిదేళ్ళు. పోల్‌కూ పందొమ్మిదే. కార్న్‌బ్లుత్‌కు పదహారు నిండీ నిండలేదు. అసలు తమాషా ఏమంటే, కరపత్రం రాసింది ఈ ఆరుగురిలో ఎవరూ కాదు. డేవిడ్ కైల్ అనే మరో యువకుడు. అతను నిక్షేపంగా లోపల కూర్చుని సభ చూశాడు. అసిమోవ్ కూడా లోపలే ఉన్నాడు. మిత్రులను వదిలి తాను కూర్చుండిపోవడం సరికాదన్న బాధ చాలాకాలం తర్వాత అతని ఆత్మకథలో కనిపిస్తుంది.

తలుపు మూసినవారి వాదం ఏమిటి? సాహిత్య సభలోకి రాజకీయాలు రాకూడదు. ఈ వాదం మనం వినని వాదమా? రాజకీయాలు వద్దన్న వాడి చేతిలో ఎప్పుడూ తాళంచెవి ఉంటుంది. కొందరిని బయట నిలబెట్టి సభ జరపడం కూడా రాజకీయమేనని అతను గుర్తించడు. అది చూసి మనం ఆరుగురి పక్షమూ వహిస్తాం. వహించాలి కూడా.

కాని కథ అక్కడ ఆపితే మనల్ని మనం మోసగించుకున్నట్టే. ఆ బయట నిలబడ్డ వారి తర్వాతి చరిత్ర చూడండి. ఆగస్టులో హిట్లర్, స్టాలిన్ ప్రభుత్వాల మధ్య ఒప్పందం కుదిరింది. ఫాసిజానికి ఎదురు నిలవాలని పాఠాలు చెప్పిన కుర్రాళ్ళు గతుక్కుమన్నారు. పోల్ క్రమంగా పార్టీకి దూరమైనాడు. ఆ సంవత్సరాల్లో ఫ్యూచూరియన్లు డబ్బు లేక అద్దె ఇళ్ళలో కలిసి బతుకుతూ, కలిసి కథలు రాస్తూ, ఒకే కథకు ఇద్దరూ ముగ్గురూ చేతులు కలుపుతూ గడిపారు. పోల్ ఇరవయ్యో ఏట రెండు పత్రికలకు సంపాదకుడై, మాటకు అర సెంటు చొప్పున మిత్రుల కథలు కొన్నాడు. 1941లో వోల్‌హైమ్‌కు కూడా పత్రిక దొరికింది. దానికి కథల బడ్జెటు సున్న. 1934లో కూలి కోసం పోరాడినవాడు ఏడేళ్ళలో కూలి లేకుండా కథలు అడిగే స్థితికి వచ్చాడు. అతనికి కూడా జీతం లేదనుకోండి. ఐనా మంచి ఉద్దేశం గల సంపాదకుడు రచయిత శ్రమను ఉచితంగా పుచ్చుకోవడం ఎంత సులభమో ఇక్కడ చూడవచ్చు. మన పత్రికలవాళ్ళు దీన్ని చదివి కొంచెం ఇబ్బంది పడినా నష్టం లేదు.

ఇక బహిష్కరణల సంగతి. 1945లో ఫ్యూచూరియన్లే ఒకరినొకరు బహిష్కరించుకున్నారు. కరపత్రాలు వేసుకున్నారు. పరువునష్టం దావా దాకా వెళ్ళారు. సంఘం అంతరించింది. మోస్కోవిట్జ్ మూసిన తలుపు సంఘాన్ని చంపలేదు. తమ ఇంటి తలుపు తాము మూసుకోవడం వల్ల చచ్చింది.

మరి మిగిలిందేమిటి? తీర్మానం మిగలలేదు, సంఘం మిగలలేదు. పని మిగిలింది.

కార్న్‌బ్లుత్ యుద్ధంలో సైనికుడిగా పనిచేసి వచ్చాడు. పోల్ ప్రకటనల కంపెనీలో పనిచేశాడు. ఇద్దరూ కలిసి రాసిన 'ది స్పేస్ మర్చంట్స్' 1952లో 'గెలాక్సీ' పత్రికలో ధారావాహికగా, 1953లో పుస్తకంగా వచ్చింది. అందులో ప్రపంచాన్ని ప్రభుత్వాలు కాక ప్రకటనల కంపెనీలు ఏలుతుంటాయి. సెనేటర్లు కంపెనీల తరఫున చట్టసభలో కూర్చుంటారు. ఒకసారి రుచి చూస్తే మానలేని కాఫీని జనానికి అలవాటు చేస్తారు. కథానాయకుడు మొదట శుక్రగ్రహాన్ని అమ్మిపెట్టే ప్రకటనలు రాసే పెద్ద ఉద్యోగి. దెబ్బ తగిలి కాంట్రాక్టు కూలీగా పడిపోయాక, అప్పు ఎలా పెరుగుతుందో, జీతం ఎలా చాలదో అతని ఒంటికి తెలుస్తుంది. ప్రకృతిని కాపాడమనే రహస్య సంఘంవాళ్ళను అందరూ వెంటాడుతుంటారు. కమ్యూనిస్టు అన్న అనుమానం చాలు మెకార్తీ కాలంలో ఉద్యోగం పోవడానికి. అటువంటి రోజుల్లో, చౌక పత్రికలో, ఈ వ్యంగ్యం అచ్చయింది. 1937లో ఓడిపోయిన తీర్మానం ఇక్కడ నవలై గెలిచింది. తీర్మానం చేయలేని పని ఒక అలవాటు పడ్డ కాఫీ చేసింది. కార్న్‌బ్లుత్ 1958లో 34వ ఏట గుండె ఆగి చనిపోయాడు.

జూడిత్ మెరిల్ ఫ్యూచూరియన్ల మధ్య ఎదిగిన రచయిత్రి. హిరోషిమా తర్వాత మూడేళ్ళకు, 1948లో, అణుధార్మికత సోకిన కాలంలో బిడ్డను కన్న తల్లి కథతో ఆమె రంగప్రవేశం చేసింది. 1968లో వియత్నాం యుద్ధానికి వ్యతిరేకంగా సైన్సు ఫిక్షన్ రచయితల సంతకాలు సేకరించడంలో ఆమెది ముఖ్యపాత్ర. సమర్థకులు కూడా సంతకాలు పెట్టారు. ఆ ఏడు జూన్ 'గెలాక్సీ' సంచికలో రెండు జాబితాలూ ఎదురెదురుగా పడ్డాయి. ఒక పక్క హైన్‌లైన్, కాంప్‌బెల్. మరో పక్క అసిమోవ్, లె గ్విన్, ఫిలిప్ డిక్, డిలేనీ. సంపాదకుడు ఎవరనుకున్నారు? పోల్. ద్వారం దగ్గర ఆగిపోయినవాడు తన పత్రికలో రెండు పక్షాలకూ చోటిచ్చాడు. మెరిల్ అమెరికా వదిలి కెనడా వెళ్ళింది. ఆమె ఇచ్చిన పుస్తకాలతో టొరంటో ప్రజా గ్రంథాలయంలో 1970లో ఏర్పడిన విభాగం ఈనాటికీ ఆమె పేరున ఉన్నది.

వోల్‌హైమ్ ఏస్ బుక్స్ సంపాదకుడైనాడు. ఫిలిప్ డిక్ మొదటి నవల 1955లోనూ, శామ్యూల్ డిలేనీ మొదటి నవల 1962లోనూ, అర్సులా లె గ్విన్ మొదటి నవల 1966లోనూ ఆ సంస్థే వేసింది. డిలేనీ హార్లెంలో పుట్టిన నల్లవాడు. ఫిట్జెరాల్డ్ ఇంట్లో సమావేశాలు జరిగిన ముప్పై ఏళ్ళకు పైగా గడిచాక గాని ఆ పేట నుంచి ఒక పేరు అట్ట మీదకి ఎక్కలేదు. ఎక్కిన తర్వాత కూడా, నల్లజాతి కథానాయకుణ్ణి తమ పాఠకులు హర్షించరని కాంప్‌బెల్ తన 'నోవా' నవలను తిప్పికొట్టినట్టు డిలేనీ రాశాడు. పాఠకుల పేరు చెప్పి సంపాదకుడు తన సంకుచితత్వాన్ని దాచుకోవడం పాత విద్యే.

కూలి ప్రశ్నకు కూడా ఆలస్యంగానైనా జవాబు వచ్చింది. 1965లో సైన్సు ఫిక్షన్ రచయితల సంఘాన్ని స్థాపించి మొదటి అధ్యక్షుడైన డామన్ నైట్ పూర్వం ఫ్యూచూరియనే. అదే సంవత్సరం వోల్‌హైమ్ కాపీరైటు చట్టంలోని సందు చూసుకుని టోల్కీన్ నవలలను అనుమతి లేకుండా అచ్చువేశాడు. పాఠకులు అల్లరి చేశారు. ఏస్ దిగివచ్చి రచయితకు డబ్బు చెల్లించింది. 1934లో సంపాదకుణ్ణి నిలదీసినవాణ్ణి 1965లో పాఠకులు నిలదీశారు. వ్యక్తులు మారిపోతారు. నిలదీసే అలవాటు సంఘంలో మిగిలితే చాలు.

ఆ అలవాటు చావలేదు. 1953 నుంచి అభిమానులు ఇచ్చే ప్రధాన బహుమతి గెర్న్స్‌బాక్ పేరున 'హ్యూగో' అని ప్రసిద్ధమైంది. కూలి ఎగ్గొట్టినవాడి పేరు రచయితకు కిరీటమైంది. కాంప్‌బెల్ పేరున ఉన్న మరో బహుమతిని 2019లో అందుకుంటూ జెనెట్ ఇంగ్ అనే రచయిత్రి వేదిక మీదనే అతన్ని ఫాసిస్టు అన్నది. కొద్ది రోజుల్లో ఆ బహుమతికి పేరు మార్చారు. 2010లో పోల్‌కు తొంభయ్యో ఏట 'ఉత్తమ అభిమాన రచయిత' హ్యూగో వచ్చింది. పేరు మోసిన నవలాకారుడు చివరికి పాఠకుడిగా గౌరవం పొందాడు.

తలుపు మూసే అలవాటు కూడా చావలేదు. 2023లో చైనాలోని చెంగ్డూలో ప్రపంచ మహాసభ జరిగింది. హ్యూగో పరిశీలన నుంచి కొన్ని రచనలను కారణం చెప్పకుండా తొలగించినట్టు 2024 జనవరిలో బయటపడింది. వలసవాదాన్ని ఎండగట్టిన ఆర్. ఎఫ్. క్వాంగ్ నవల 'బేబెల్' వాటిలో ఒకటి. చైనా గురించి ఎవరు ఏం రాశారో ఆరాలు తీసి జాబితాలు తయారు చేసినవారు పాశ్చాత్య నిర్వాహకులేనని తర్వాత తెలిసింది. సోషలిజం పేరు చెప్పుకునే దేశంలో జరిగింది కనక మనం దీన్ని చూసీ చూడనట్టు ఊరుకుంటామా? ఊరుకుంటే 1939లో ఆరుగురి పక్షం వహించే నైతిక హక్కు మనకు ఉండదు. తలుపు ఎవరు మూశారన్నదాన్ని బట్టి కాక, తలుపు మూయడం అన్నదాన్ని బట్టే మన అభిప్రాయం ఉండాలి.

ఈ చరిత్ర నుంచి మన విద్యార్థులూ, ఉపాధ్యాయులూ గ్రహించవలసింది నా దృష్టిలో ఇది. చౌకబారు పత్రికను చూసి ముఖం తిప్పుకోవద్దు. అందులో ఉత్తరాల పేజీ ఉంటే అక్కడొక సంఘం పుట్టబోతున్నదేమో చూడాలి. పాఠకుడికి పాఠం చెప్పే ముందు అతని చిరునామా తెలుసుకోవాలి. తీర్మానం అవసరమే, కాని అది ఓడిపోయినంత మాత్రాన భావం ఓడిపోదు. రచనలో నిరూపించలేకపోతే ఓడిపోతుంది. కూలి అడిగేవాణ్ణి సంకుచితుడనకూడదు. అన్నిటికన్నా ముఖ్యం, మనతో విభేదించేవాడు సభకు వచ్చినప్పుడు, మాట ఇస్తేనే లోపలికి రమ్మనడం మన పని కాదు. కుర్చీ చూపించి, తర్వాత వాదించాలి. అతడు ఒక మూల కూర్చుని రేపు మనందరికన్నా మంచి పుస్తకం రాయవచ్చు.